ఎక్స్‌పీలో పనిచేసే సాఫ్ట్‌వేర్: ఒక వాక్యానికి ప్రతిపద వ్యాఖ్య

పేజీలు కూర్చే పేజ్‌మేకర్, అను తెలుగు ఫాంట్లు ఉన్న పాత విండోస్ ఎక్స్‌పీ కంప్యూటర్ ఏ డీటీపీ సెంటర్‌లోనైనా కనిపిస్తే దాన్ని తీసెయ్యమని సలహా ఇవ్వడం తేలిక. ఆ సలహా ఇచ్చేవాళ్లు అందులో ఏముందో చూడరు. ఏళ్ల తరబడి కంపోజ్ చేసిన కథా సంపుటాలు, సంఘాల సావనీర్లు, స్థలపురాణాలు, పెళ్లిపత్రికలు అన్నీ పేజ్‌మేకర్ ఫైళ్లుగా అక్కడే ఉంటాయి. పునర్ముద్రణ కావాలని రచయిత వచ్చినప్పుడు తెరవాల్సింది ఆ కంప్యూటర్‌నే. ఎక్స్‌పీని వదలడానికి పెద్ద సంస్థలకే ఏళ్లు పట్టింది. బ్యాంకుల ఏటీఎంలలో ఎక్స్‌పీ వాడకం ఆపాలని రిజర్వు బ్యాంకు 2018 జూన్‌లో ఆదేశాలిచ్చి, 2019 జూన్ వరకు గడువు పెట్టాల్సి వచ్చింది. అలాంటప్పుడు ఒక్క కంప్యూటర్ మీద బతికే చిన్న ప్రెస్సును తప్పుపట్టడం న్యాయం కాదు.

ఆ యంత్రానికి ఇవాళ ఒక బ్రౌజరో, పీడీఎఫ్ రీడరో, వీడియో ప్లేయరో కావాలంటే ఏం చెయ్యాలి? డౌన్‌లోడ్ చేసి చూద్దామనుకుంటే సగం రోజు పోతుంది. ప్రతి ప్రోగ్రామ్ వెంట తయారీదారు ఇచ్చే ‘సిస్టమ్ రిక్వైర్‌మెంట్స్’ వాక్యాన్ని ముందు జాగ్రత్తగా చదివితే ఆ సగం రోజూ మిగులుతుంది. అలాంటి వాక్యాలను చాలామంది దాటేస్తారు. ఎక్స్‌పీకి సంబంధించి వాటిలో మాటిమాటికీ కనిపించే షరతులన్నిటినీ కలిపి ఇక్కడ ఒక్క వాక్యంగా కూర్చి, దానికి వ్యాఖ్య రాస్తున్నాను.

మూలం

“ఈ ప్రోగ్రామ్ చివరి వెర్షన్ 32-బిట్ విండోస్ ఎక్స్‌పీ సర్వీస్ ప్యాక్ 3 లేదా ఆపై వాటిలో, ఎస్‌ఎస్‌ఈ2 ఉన్న ప్రాసెసర్ మీద పనిచేస్తుంది.”

అన్వయం కోసం పదాల వరుసను కొంచెం మారుస్తున్నాను. ఆపరేటింగ్ సిస్టమ్ ఏమిటో తేలాకే మిగిలిన పదాలకు అర్థం కుదురుతుంది.

విండోస్ ఎక్స్‌పీ

మైక్రోసాఫ్ట్ 2001 అక్టోబరు 25న మార్కెట్లోకి తెచ్చిన ఆపరేటింగ్ సిస్టమ్ ఇది. మామూలు మద్దతు 2009 ఏప్రిల్ 14తో, భద్రతా అప్‌డేట్లు 2014 ఏప్రిల్ 8తో ఆగిపోయాయి. 2017 మే నెలలో వానాక్రై రాన్సమ్‌వేర్ దాడి దేశదేశాల ఆస్పత్రులను, ఆఫీసులను స్తంభింపజేసినప్పుడు మాత్రం మైక్రోసాఫ్ట్ నియమం సడలించి ఎక్స్‌పీకి కూడా ఒక ప్యాచ్ ఇచ్చింది. గడువు తీరిపోయిన మూడేళ్ల తర్వాత కూడా ఎన్ని ఎక్స్‌పీ యంత్రాలు పనిలో ఉంటే అంత పని చేసి ఉంటుందో ఊహించుకోవచ్చు.

మనకు తెలిసిన పేరు ఎక్స్‌పీ. ప్రోగ్రాములు చూసేది మాత్రం లోపలి నంబరును. స్టార్ట్ మెనూలో రన్ తెరిచి ‘విన్‌వర్’ అని కొడితే చిన్న కిటికీ ఒకటి వస్తుంది. అందులో వెర్షన్ 5.1, బిల్డ్ 2600, పక్కనే సర్వీస్ ప్యాక్ సంఖ్య ఉంటాయి. ఎక్స్‌పీ తర్వాత వచ్చిన విస్టా 6.0, విండోస్ 7 అయితే 6.1. ఐదు నుంచి ఆరుకు మారిన ఆ చోటే అసలైన గట్టు. విస్టాతో విండోస్ లోపలి నిర్మాణం, డ్రైవర్ల పద్ధతి, అనుమతుల పద్ధతి అన్నీ మారాయి. అందుకే విండోస్ 7కు సరిపోయిన ప్రోగ్రాముల్లో ఎక్కువ భాగం విండోస్ 10 మీదా నడుస్తుంది, ఎక్స్‌పీ మీద మాత్రం నడవదు. ‘ఎక్స్‌పీకి, సెవెన్‌కి పెద్ద తేడా ఏముంది’ అనే మాటను నమ్మి వెతుకులాట మొదలుపెట్టకండి.

సర్వీస్ ప్యాక్ 3

2008లో వచ్చింది. ఎక్స్‌పీకి అదే ఆఖరి ప్యాక్. విన్‌వర్ కిటికీలో సర్వీస్ ప్యాక్ 2 అని కనిపిస్తే మిగతా పనులన్నీ ఆపి ముందు దీన్ని వేసుకోవాలి. 2008 తర్వాత ఎక్స్‌పీకి తయారైన ప్రోగ్రాముల్లో చాలావరకు దీన్ని కనీస షరతుగా పెట్టుకున్నాయి. ఎస్‌హెచ్ఏ-256 పద్ధతిలో సంతకం చేసిన సర్టిఫికెట్లను ఎక్స్‌పీ గుర్తించడం మొదలైంది కూడా ఈ ప్యాక్‌తోనే. ఒక చిక్కుంది. ఎస్‌హెచ్ఏ-1 సంతకంతో ఉన్న పాత ఫైళ్లను మైక్రోసాఫ్ట్ తన డౌన్‌లోడ్ సెంటర్ నుంచి 2020 ఆగస్టులో తీసేసింది. అంతకుముందే దించుకుని సీడీలో దాచుకున్న మిత్రులుంటే వాళ్లను అడగండి, లేకుంటే ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో వెతకండి.

32-బిట్

ఎక్స్‌పీకి 64-బిట్ రూపం కూడా వచ్చింది కానీ మన దగ్గర అది ఎక్కడో గానీ కనపడదు. మీ యంత్రంలో ఉన్నది 32-బిట్ అనుకోవడమే సబబు. దీని ఫలితాలు రెండు. ఎంత ర్యామ్ వేసినా నాలుగు జీబీలోపే, వాస్తవంగా మూడు జీబీ పైచిలుకు మాత్రమే కనిపిస్తుంది. రెండోది, 64-బిట్ ప్రోగ్రామ్ ఏదీ తెరుచుకోదు. ప్రాసెసర్ 64-బిట్ అయినా సరే, మీద ఉన్న విండోస్ 32-బిట్ కనుక తెరుచుకోదు.

డౌన్‌లోడ్ పేజీల్లో దీన్ని సూటిగా 32 అని రాయరు. ఎక్స్86 అని ఉంటే అది 32-బిట్, ఎక్స్64 లేదా ఏఎండీ64 అని ఉంటే 64-బిట్. 86 పెద్ద సంఖ్య కాబట్టి కొత్తదేమో అనుకుని దాన్ని వదిలి ఎక్స్64 ఫైలు దించుకునేవాళ్లు చాలామంది. ఇంటెల్ 8086 చిప్ కుటుంబం పేరు నుంచి మిగిలిన అంకె అది. మీకు కావలసింది ఎప్పుడూ ఎక్స్86 ఫైలే. మీ ప్రాసెసర్ ఏఎండీది అయినా ఏఎండీ64 అని ఉన్న ఫైలు జోలికి వెళ్లకండి.

ఎస్‌ఎస్‌ఈ2 ఉన్న ప్రాసెసర్

ప్రాసెసర్ అర్థం చేసుకునే ఆజ్ఞల్లో ఒక గుంపు పేరు ఎస్‌ఎస్‌ఈ2. పెంటియం 4 నుంచి ఉంది. పెంటియం 3లో, ఏఎండీ అథ్లాన్ ఎక్స్‌పీలో లేదు. క్రోమ్ 35వ వెర్షన్ నుంచి, ఫైర్‌ఫాక్స్ 49 నుంచి దీన్ని తప్పనిసరి చేశాయి. ఇది లేని యంత్రంలో ప్రోగ్రామ్ ఇన్‌స్టాల్ అయినట్టే కనిపించి, తెరవగానే మూసుకుపోతుంది. దీనికి ఏ ప్యాచూ పనికిరాదు, ఎందుకంటే లోపం సిలికాన్‌లోనే ఉంది. సీపీయూ-జెడ్ అనే చిన్న ఉచిత ప్రోగ్రామ్ తెరిచి ‘ఇన్‌స్ట్రక్షన్స్’ అన్న వరుస చూస్తే విషయం తేలిపోతుంది.

చివరి వెర్షన్

వాక్యం మొత్తానికి ప్రాణం ఈ పదం. పాత ఆపరేటింగ్ సిస్టమ్‌కు సాఫ్ట్‌వేర్ వెతకడమంటే కొత్త ప్రోగ్రామ్ కోసం తిరగడం కాదు. ఏ ప్రోగ్రామ్ ఏ వెర్షన్ దగ్గర మన సిస్టమ్‌ను వదిలేసిందో తేల్చుకుని, దానికి ముందు మెట్టు మీద ఉన్నదాన్ని తెచ్చుకోవడం.

ఎక్స్‌పీ విషయంలో ఆ మెట్లు కొన్ని ఇలా ఉన్నాయి. ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ 8తో ఆగింది. క్రోమ్ 49తో ఆగింది, అది 2016 నాటి మాట. ఫైర్‌ఫాక్స్ 52 ఈఎస్‌ఆర్ వరకు వచ్చింది. ఈఎస్‌ఆర్ అంటే సంస్థల కోసం ఎక్కువ కాలం భద్రతా సవరణలు ఇచ్చే శాఖ, అందువల్ల ఎక్స్‌పీకి ఫైర్‌ఫాక్స్ 2018 జూన్‌లో వచ్చిన 52.9 దాకా దక్కింది. లిబ్రేఆఫీస్‌లో 5.4 ఆఖరిది, 6.0 నుంచి ఎక్స్‌పీ, విస్టా రెండింటినీ వదిలేశారు. పీడీఎఫ్‌లు చూడటానికి తేలికైన సుమాత్రా పీడీఎఫ్‌లో 3.1.2 చివరిది. పైథాన్ నేర్చుకునేవాళ్లకు 3.4, డాట్‌నెట్ ఫ్రేమ్‌వర్క్ అడిగే ప్రోగ్రాములకు 4.0 హద్దు. ప్రోగ్రామ్ పేజీలో ‘డాట్‌నెట్ 4.5 అవసరం’ అని చూశారంటే ఇక ముందుకు చదవక్కర్లేదు, అది ఎక్స్‌పీలో ఎక్కదు.

వీటికి భిన్నంగా నిలబడిన ప్రోగ్రాములు రెండున్నాయి, వాటికి నా మనస్ఫూర్తి నమస్కారం. వీఎల్‌సీ ప్లేయర్ 2018లో 3.0 విడుదల చేసినప్పుడు కూడా ఎక్స్‌పీ సర్వీస్ ప్యాక్ 3ను వదల్లేదు. 7-జిప్ అయితే ఎక్స్‌పీనే కాదు, విండోస్ 2000ను కూడా ఇంకా తన జాబితాలో ఉంచుకుంది. లాభం చూసుకుంటే చేసే పని కాదిది.

ఇదే లెక్క విండోస్ 7కూ వచ్చేసింది. దానికి మైక్రోసాఫ్ట్ మద్దతు 2020 జనవరి 14తో ముగిసింది. క్రోమ్ 109తో, ఫైర్‌ఫాక్స్ 115 ఈఎస్‌ఆర్‌తో ఆగాయి. విండోస్ 10కు 2025 అక్టోబరు 14న గడువు తీరింది. టీపీఎం 2.0 భద్రతా చిప్ లేని యంత్రాలు, ఎనిమిదో తరానికి ముందున్న ఇంటెల్ ప్రాసెసర్ల యంత్రాల్లో దాదాపు అన్నీ అధికారికంగా విండోస్ 11కు వెళ్లలేవు. కాబట్టి ఎక్స్‌పీ గురించి చదవడం నాకెందుకని అనుకోవద్దు. నంబర్లే మారతాయి, పద్ధతి ఇదే.

ఇక ఆ చివరి వెర్షన్ ఎక్కడ దొరుకుతుంది? సెర్చ్‌లో మొదట వచ్చే ‘ఫ్రీ డౌన్‌లోడ్’ పేజీల దగ్గరకు వెళ్లకండి. అక్కడ పెద్ద పచ్చటి బటన్ నొక్కితే అసలు ఫైలుకు బదులు వాళ్ల సొంత డౌన్‌లోడర్ దిగుతుంది, దాంతోపాటు అడగని టూల్‌బార్లు వస్తాయి. అసలు తయారీదారుల దగ్గరే పాత వెర్షన్ల గిడ్డంగులు ఉన్నాయి. మొజిల్లా తన పాత ఫైర్‌ఫాక్స్‌లన్నిటినీ ఆర్కైవ్‌లో ఉంచింది. లిబ్రేఆఫీస్‌ను నడిపే డాక్యుమెంట్ ఫౌండేషన్‌కు, వీఎల్‌సీని నడిపే వీడియోలాన్‌కు కూడా అలాంటివే ఉన్నాయి. అక్కడ దొరకని వాటికే ఇంటర్నెట్ ఆర్కైవ్.

దించుకునేటప్పుడు పూర్తి ఇన్‌స్టాలర్‌నే ఎంచుకోవాలి. ఒకటి రెండు ఎంబీలు ఉండే చిన్న ఫైళ్లు నెట్‌లోకి వెళ్లి సరికొత్త వెర్షన్‌ను లాక్కొస్తాయి, అది ఎక్స్‌పీలో ఎక్కదు. ఆఫ్‌లైన్ ఇన్‌స్టాలర్ అని రాసి ఉన్నదే మనకు కావాలి. ఇన్‌స్టాల్ అయిన వెంటనే ఆటోమేటిక్ అప్‌డేట్ ఆపెయ్యండి.

ఈ పని ఎక్స్‌పీ యంత్రంలో కాకుండా ఇంట్లో ఉన్న మరో కొత్త కంప్యూటర్‌లో చెయ్యడం మేలు. ఫైలు దిగాక 7-జిప్ కుడి క్లిక్ మెనూలో ఎస్‌హెచ్ఏ-256 చూపించే సౌకర్యం ఉంది. తయారీదారు పేజీలో ఇచ్చిన పొడవాటి అంకెల వరుసతో అది అక్షరం పొల్లుపోకుండా కలిస్తే ఫైలు అసలుదే. తర్వాత పెన్‌డ్రైవ్‌లో వేసుకోవచ్చు. ఆ పెన్‌డ్రైవ్ ఫార్మాట్ ఎఫ్ఏటీ32 అయితే మేలు. ఎక్స్‌ఫ్యాట్‌లో ఉన్నదాన్ని ప్రత్యేక అప్‌డేట్ లేకుండా ఎక్స్‌పీ చదవలేదు, ఫార్మాట్ చెయ్యమంటుంది. అక్కడ పొరపాటున ఓకే కొట్టారంటే ఉన్నదంతా పోతుంది.

మైపాల్, సూపర్మియం అని కొన్ని బ్రౌజర్లు ఉన్నాయి. ఫైర్‌ఫాక్స్, క్రోమియం కోడ్ తీసుకుని ఔత్సాహికులు ఎక్స్‌పీ కోసం తిరిగి కట్టినవి. ఇప్పటి పేజీలు వాటిలో చాలా మెరుగ్గా తెరుచుకుంటాయి. వాటి వెనక పనిచేసేది కొద్దిమందే కాబట్టి బ్యాంకు లావాదేవీలకు మాత్రం వాడవద్దని నా మాట. ఎక్స్‌పీలో ఏ బ్రౌజర్‌తోనూ బ్యాంకు పని వద్దు. బ్రౌజర్ తలుపు ఎంత గట్టిదైనా కింద ఉన్న గోడకు 2014 తర్వాత క్రమం తప్పని మరమ్మతు లేదు.

లేదా ఆపై

చిన్న మాటే కానీ ఎక్స్‌పీ వదిలి ముందుకు వెళ్లాలనుకునేవారికి ఆశ దీనిలోనే ఉంది. ఎక్స్‌పీ కోసం రాసిన 32-బిట్ ప్రోగ్రాములు 64-బిట్ విండోస్ 10లో, 11లో కూడా చాలావరకు నడుస్తాయి. ప్రోగ్రామ్ ఐకాన్ మీద కుడి క్లిక్ చేసి ప్రాపర్టీస్‌లో కంపాటిబిలిటీ ట్యాబ్ తెరిచి, ఎక్స్‌పీ సర్వీస్ ప్యాక్ 3 ఎంచుకోవాలి. కొన్నిటికి అడ్మినిస్ట్రేటర్‌గా నడిపే టిక్కు కూడా పెట్టాలి. ఎక్స్‌పీ రోజుల్లో ప్రోగ్రాములు తమ సెట్టింగులను ప్రోగ్రామ్ ఫైల్స్ ఫోల్డర్‌లోనే రాసుకునేవి. విస్టా నుంచి ఆ ఫోల్డర్‌కు తాళం పడింది. సెట్టింగులు మార్చినా నిలవడం లేదన్న ఫిర్యాదుకు సాధారణంగా అదే కారణం.

హద్దులు కూడా ఉన్నాయి. 16-బిట్ ప్రోగ్రాములు 64-బిట్ విండోస్‌లో అసలు నడవవు. తొంభైల నాటి కొన్ని సీడీల్లో ప్రోగ్రామ్ 32-బిట్‌దే, దాన్ని ఎక్కించే సెటప్ మాత్రం 16-బిట్‌ది. అలాంటప్పుడు ప్రోగ్రామ్ మంచిదే అయినా లోపలికి వెళ్లే దారి ఉండదు. పాత హెల్ప్ ఫైళ్లు విస్టా నుంచే తెరుచుకోవడం మానేశాయి.

ఈ హద్దులు అడ్డొచ్చినచోట వర్చువల్ మెషీన్ ఉంది. వర్చువల్‌బాక్స్ అనే ఉచిత ప్రోగ్రామ్‌లో ఒక ఊహా కంప్యూటర్ తయారుచేసి, అందులో ఎక్స్‌పీ ఎక్కించి, దాని నెట్‌వర్క్ ఆపేసి, ఒక్క షేర్డ్ ఫోల్డర్ ద్వారా ఫైళ్లు ఇచ్చిపుచ్చుకోవచ్చు. పాత మదర్‌బోర్డు కాలిపోతుందన్న బెంగ ఉండదు. ఆ ఊహా డిస్కు ఒకే ఫైలు కాబట్టి కాపీ తీసి దాచుకుంటే చాలు. పేజ్‌మేకర్ అవసరం ఇంకొన్నేళ్లు ఉన్న ప్రెస్సులకు నేను గట్టిగా చెప్పే దారి ఇదే. కంప్యూటర్‌తో కలిపి ఇచ్చిన ఓఈఎం లైసెన్సు మాత్రం ఆ కంప్యూటర్‌కే చెల్లుతుంది, విడిగా కొన్న ఎక్స్‌పీ సీడీ ఉంటే దాన్ని వాడాలి.

పనిచేస్తుంది

ఈ క్రియాపదాన్ని తయారీదారు ఒక అర్థంలో వాడతాడు, మనం మరో అర్థంలో తీసుకుంటాం. ఆయన దృష్టిలో ప్రోగ్రామ్ తెరుచుకుంటే పనిచేసినట్టే. తెరుచుకోనప్పుడు వచ్చే సందేశాలు కొంత మేలు చేస్తాయి, వాటిని చదవడం నేర్చుకోవాలి.

‘నాట్ ఎ వాలిడ్ విన్32 అప్లికేషన్’ అని వస్తే ఫైలు పాడైందని మళ్లీమళ్లీ దించుకోవద్దు. ప్రతి ఈఎక్స్‌ఈ ఫైలు తలలో కనీసం ఏ విండోస్ కావాలో ఒక అంకె రాసి ఉంటుంది. విజువల్ స్టూడియో 2012 నుంచి ఆ అంకె మామూలుగా 6.0 పడుతోంది. మన సిస్టమ్ 5.1 కదా, అక్కడే ఆపేస్తుంది. 64-బిట్ ఫైలును నొక్కినా ఇదే సందేశం వస్తుంది.

రెండో రకం సందేశం ‘ప్రొసీజర్ ఎంట్రీ పాయింట్’ అని మొదలై, ‘గెట్‌టిక్‌కౌంట్64’ వంటి పేరు చెప్పి, అది కెర్నెల్32 డీఎల్‌ఎల్‌లో దొరకలేదంటుంది. విస్టాలో కొత్తగా చేర్చిన సేవను ఆ ప్రోగ్రామ్ అడుగుతోందని అర్థం. ఎక్కడినుంచో కొత్త కెర్నెల్32 ఫైలు తెచ్చి పాతదాని స్థానంలో పెట్టమని సలహా ఇచ్చేవాళ్లున్నారు. దయచేసి ఆ పని చెయ్యకండి. విండోస్ అసలు మొదలు కాకుండా పోతుంది. లేని సేవలను అదనంగా అతికించే ప్రయత్నాలు ఉన్నాయి, విండోస్ 98కి కెర్నెల్ఎక్స్, ఎక్స్‌పీకి వన్-కోర్-ఏపీఐ అలాంటివే. చదువుకునేవారికి అవి బంగారు గనులు. రోజువారీ అన్నం పెట్టే యంత్రంలో మాత్రం వద్దు.

అధ్యాహారం

వాక్యంలో లేకపోయినా అర్థం పూర్తికావడానికి చేర్చుకోవాల్సిన పదాలను వ్యాఖ్యాతలు అధ్యాహారం అంటారు. మన వాక్యంలో అలాంటివి మూడున్నాయి. నిజమైన కష్టాలన్నీ వీటిలోనే ఉన్నాయి.

మొదటిది డ్రైవర్. సాఫ్ట్‌వేర్ నడుస్తుంది, ప్రింటర్ కదలదు. డీటీపీ సెంటర్లలో ఎక్కువగా కనిపించే హెచ్‌పీ లేజర్‌జెట్ 1020నే తీసుకోండి. పేజీని చుక్కలుగా మార్చి పంపే పని కంప్యూటరే చెయ్యాలి, స్విచ్ వేసిన ప్రతిసారీ ప్రింటర్‌కు దాని ఫర్మ్‌వేర్‌ను కూడా కంప్యూటరే ఎక్కించాలి. డ్రైవర్ లేకపోతే ఒక్క కాగితం కూడా రాదు. ఏ భాగానికి డ్రైవర్ లేదో తెలియనప్పుడు డివైస్ మేనేజర్‌లో పసుపు ప్రశ్నార్థకం ఉన్న వరుసను తెరిచి డీటెయిల్స్ ట్యాబ్ చూడండి. వీఈఎన్ పక్కన నాలుగు అక్షరాలు, డీఈవీ పక్కన నాలుగు అక్షరాలు ఉంటాయి. మొదటిది తయారీదారు, రెండోది పరికరం. 8086 ఇంటెల్, 10ఈసీ రియల్‌టెక్, 10డీఈ ఎన్విడియా. ఆ రెండూ కలిపి వెతికితే సరైన డ్రైవర్ దగ్గరకే చేరతారు.

పాత హార్డ్‌డిస్కును కొత్త బోర్డుకు తగిలిస్తే నీలం తెర మీద 7బీతో ముగిసే కోడ్ వచ్చేదీ డ్రైవర్ లేకే. కొత్త బోర్డులు హార్డ్‌డిస్కుతో మాట్లాడే ఏహెచ్‌సీఐ పద్ధతికి ఎక్స్‌పీ సీడీలో డ్రైవర్ లేదు. బయోస్‌లో సాటా పద్ధతిని ఐడీఈకి మార్చే వీలుంటే ఇన్‌స్టాల్ అవుతుంది. ఇక ప్యారలల్ పోర్టుకు తగిలించే హార్డ్‌వేర్ లాక్‌తో వచ్చిన పాత భాషా సాఫ్ట్‌వేర్లు వాడేవారు ఆ లాక్‌ను ప్రాణంలా చూసుకోవాలి. యూఎస్‌బీ నుంచి ప్యారలల్‌కు మార్చే మామూలు కేబుళ్లు ప్రింటర్ల కోసం చేసినవి, లాక్‌లు వాటి మీద సాధారణంగా పలకవు.

రెండోది తేదీ. మదర్‌బోర్డు మీద సీఆర్2032 నాణెం బ్యాటరీ అయిపోతే కంప్యూటర్ కట్టేసిన ప్రతిసారీ తేదీ వెనక్కి పోతుంది. అప్పుడు ఏ సైటు తెరిచినా సర్టిఫికెట్ చెల్లదంటుంది, ఎందుకంటే యంత్రం లెక్కలో ఆ సర్టిఫికెట్ ఇంకా పుట్టలేదు. తేదీ సరిగ్గా ఉన్నా ఇంకో అడ్డు ఉంది. ఎక్స్‌పీలోని సురక్షిత సంభాషణ భాగానికి తెలిసింది టీఎల్‌ఎస్ 1.0 వరకే. పెద్ద బ్రౌజర్లన్నీ 2020లో దాన్ని వదిలేశాయి, సైట్లు కనీసం 1.2 అడుగుతున్నాయి. ఫైర్‌ఫాక్స్ 52 తన సొంత లైబ్రరీ తెచ్చుకుంటుంది కాబట్టి ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్‌లో తెరుచుకోని పేజీ దానిలో తెరుచుకుంటుంది. విండోస్ భాగం మీదే ఆధారపడిన ఇతర ప్రోగ్రాములు మాత్రం ఇన్‌స్టాల్ అయి కూడా లాగిన్ దగ్గర ఆగిపోతాయి.

మూడోది తెలుగు. ఏ రిక్వైర్‌మెంట్స్ పేజీలోనూ ఈ మాట ఉండదు, మనకు ఇదే అన్నిటికన్నా ముఖ్యం. ఎక్స్‌పీతో గౌతమి అనే యూనికోడ్ తెలుగు ఫాంట్ వచ్చింది. అయినా తెలుగు దానంతటది సరిగ్గా కనిపించదు. కంట్రోల్ ప్యానెల్‌లో రీజనల్ అండ్ లాంగ్వేజ్ ఆప్షన్స్ తెరిచి, లాంగ్వేజెస్ ట్యాబ్‌లో కాంప్లెక్స్ స్క్రిప్టుల పక్కన టిక్కు పెట్టాలి. అప్పుడు ఎక్స్‌పీ సీడీ అడుగుతుంది, అందులోని ఐ386 ఫోల్డర్ చూపించాలి. ఈ టిక్కు పెట్టకుంటే గుణింతాలు, వత్తులు విడివిడిగా పడతాయి. సీడీ లేకపోయినా ఆ ఫోల్డర్‌ను హార్డ్‌డిస్కులో ఒక మూల దాచి ఉంచుకుంటే పని జరుగుతుంది.

పేజ్‌మేకర్‌కు ఈ టిక్కుతో నిమిత్తం లేదు. 2001లో వచ్చిన పేజ్‌మేకర్ 7.0 దాని ఆఖరి పెద్ద విడుదల, 2004లో 7.0.2 సవరణతో అడోబీ దాన్ని ఆపేసింది. యూనికోడ్ దానికి తెలియదు. అను ఫాంట్లు ఇంగ్లిష్ అక్షరాల స్థానాల్లో తెలుగు ముక్కలను కూర్చి ఆ లోటును దాటాయి. అందుకే రచయిత వాట్సాప్‌లోనో, మెయిల్‌లోనో పంపిన మ్యాటర్‌ను పేజ్‌మేకర్‌లో పేస్టు చేస్తే ప్రశ్నార్థకాలు పడతాయి. మధ్యలో యూనికోడ్ నుంచి అనుకు మార్చే కన్వర్టర్ కావాలి. మార్చాక ప్రూఫు తప్పనిసరిగా చూడాలి. ముఖ్యంగా క్రావడి, క్ష, పొల్లులు, పొల్లు తర్వాత కలవకుండా నిలవాల్సిన అక్షరాలు. ‘ఎక్స్‌పీ’ అని రాసింది కలిసిపోయి ‘ఎక్స్పీ’గా మారడం అక్కడే జరుగుతుంది.

ఎదురు దారి ఇంకా ముఖ్యం. అడోబీ ఇన్‌డిజైన్ సీఎస్6 వరకే పేజ్‌మేకర్ 6.0 నుంచి 7.0 దాకా ఫైళ్లను తెరవగలదు, ఆ తర్వాతి ఇన్‌డిజైన్‌లు తెరవవు. లిబ్రేఆఫీస్ డ్రా 4.4 నుంచి పేజ్‌మేకర్ ఫైళ్లను చదువుతోంది, ఎక్స్‌పీలో ఎక్కే 5.4లోనూ ఆ సౌకర్యం ఉంది. లేఅవుట్ కొంత చెదిరినా మ్యాటర్ బయటికి వస్తుంది. ఆ మ్యాటర్‌ను అను నుంచి యూనికోడ్‌కు మార్చుకోవచ్చు.

కాబట్టి ఎక్స్‌పీ యంత్రం పనిలో ఉన్న ప్రతి డీటీపీ మిత్రుడికీ, ప్రెస్సు యజమానికీ, పాత పుస్తకాల ఫైళ్లు ఎవరి దగ్గరున్నాయో తెలిసిన ప్రతి రచయితకూ నా విన్నపం. ఆ యంత్రం లేస్తున్నప్పుడే ఈ పని చెయ్యండి. పేజ్‌మేకర్, అను ఇన్‌స్టాలర్లు, వాటి సీరియల్ నంబర్లు, ప్రింటర్ డ్రైవర్, ఐ386 ఫోల్డర్, పైన చెప్పిన చివరి వెర్షన్లు అన్నీ ఒక ఫోల్డర్‌లో చేర్చి రెండు వేర్వేరు డిస్కుల్లో కాపీ పెట్టండి. తర్వాత ఒక్కొక్క పుస్తకం తెరిచి, మొదట పీడీఎఫ్ తీయండి, ఆ తర్వాత యూనికోడ్ మ్యాటర్ తీసి రచయితకో, వారి కుటుంబానికో ఒక ప్రతి పంపండి.